మినుకు మోత

పోయిన వారం గువ్వను ఆస్పత్రి మేడమెట్ల మీద వదిలి వచ్చాం. చేతిలో పెద్దమ్మ కోసం తెచ్చిన పాలగ్లాసు, మనసులో ఎవరితోనూ పంచుకోలేని అనుమానం.

కొన్నాళ్ళుగా ఊళ్ళో దీపాలు కుంగి కుంగి వెలుగుతున్నాయి. లిఫ్టులు అంతస్తుల మధ్య ఆగిపోయి, ఏదో గుర్తొచ్చినట్టు మళ్ళీ కదులుతున్నాయి. మరలో పొడి సరిగ్గా నూరడం లేదని జనం విసుక్కుంటున్నారు. కానీ ఆ మధ్యాహ్నం పెద్దమ్మ మణికట్టు పట్టుకుని మంచం పక్కన కూర్చున్న గువ్వకు ఇంకొకటి కనిపించింది. నాడి తడబడినప్పుడల్లా గోడ మీది దీపం కుంగుతోంది. నాడి కుదుటపడగానే దీపం తేరుకుంటోంది.

ఈ కథను ఇవాళే చేతిలోకి తీసుకున్నవారికి ఒక్క మాట. మినుకు ఆ ఊరి కొండలో దొరికే రాయి. మరలో నూరితే బూడిదరంగు పొడి అవుతుంది. ఎంతకాలం ఉంచినా బూడిదలాగే పడి ఉంటుంది. గొంతు ఉన్న మనిషి దాని మీదికి వంగి మేలుకొలుపు పలికితేనే లేస్తుంది. లేచిందంటే లేత ఆకుపచ్చ వెలుగు. దీపాలు, లిఫ్టులు, నీళ్ళ పంపులు, లోయ మీద వేలాడుతూ సాగే తీగబండి, ఆస్పత్రిలో ఊపిరిపెట్టెలు అన్నీ ఆ వెలుగుతోనే నడుస్తాయి. ఆ గొంతు అందరికీ ఉండదు. గువ్వకు ఉంది, ఆస్పత్రిలో పొడిని లేపే పని ఆమెదే. చిన్నప్పుడే తల్లి దూరమైతే ఆమెను పెంచిన పెద్దమ్మకు ఇంకా గొప్ప గొంతు. ఊళ్ళో వెలిగే పొడిలో చాలావరకు ఆవిడ నోటి మాటతో లేచిందే.

గువ్వ మెట్లెక్కి వచ్చేసరికి గది తలుపుకు అడ్డంగా అన్నయ్య నిలబడి ఉన్నాడు.

అన్నయ్యంటే పెద్దమ్మ ఒక్కగానొక్క కొడుకు. మరకు సూపరింటెండెంటు. మనిషి పొడుగు, మాట పొదుపు. ఎన్ని ఉతుకులు ఉతికినా ఆయన చొక్కా చేతుల అంచున బూడిదరంగు వదలదు. ఊళ్ళో అందరూ ఆయన్ను చూస్తే కాస్త సర్దుకుని నిలబడతారు. గువ్వ మాత్రం చిన్నప్పుడు ఆయన వీపు మీదెక్కి తిరిగిన పిల్ల కాబట్టి ఎప్పుడూ భయపడలేదు. ఇవాళ ఆయన ముఖం చూశాక మొదటిసారి భయం వేసింది.

"ఇటు రా, నీతో మాట్లాడాలి," అన్నాడాయన.

నడవా చివర, మడతపెట్టిన దుప్పట్లు పేర్చిన చక్రాల బల్ల పక్కకు తీసుకెళ్ళాడు. గువ్వ పాలగ్లాసు దుప్పట్ల మీద పెట్టబోయి, ఒలికిపోతుందేమోనని మళ్ళీ చేతిలోకి తీసుకుంది.

"నువ్వు కనిపెట్టేశావు కదూ. ఇందాక మెట్లు దిగుతుంటే నీ ముఖం చూశాను."

"ఏం కనిపెట్టానో నువ్వే చెప్పు అన్నయ్యా. నా నోటితో అనాలంటే నాకు ధైర్యం చాలడం లేదు."

ఆయన చుట్టూ చూశాడు. ఎవరూ లేరు.

"పొడిని లేపిన మనిషి పోతే, ఆ పొడి ఆరిపోతుంది. మళ్ళీ లేవదు."

గువ్వ గ్లాసును రెండు చేతులతో పట్టుకుంది. ఆస్పత్రిలో తను లేపిన పొడి, పక్కింటివాళ్ళ పసిపాప గదిలో దీపం, అన్నీ ఒక్కసారిగా కళ్ళ ముందు మెదిలాయి. అవన్నీ తన గుండెకు కట్టేసి ఉన్నాయన్నమాట. ఎవరూ చెప్పలేదు.

"ఎప్పట్నుంచి తెలుసు నీకు?"

"మర నా చేతికొచ్చిన రోజునుంచి. నా ముందాయన చెవిలో వేసి వెళ్ళాడు. అమ్మకు అంతకు ముందే తెలుసు."

"మరి పలికే మాకు చెప్పరా? నోరు మాది, ప్రాణం మాది."

"చెబితే తీగబండి ఎవరెక్కుతారే? ఏ గొంతు ఎప్పుడు మూగబోతుందోనని లోయ మీద వేలాడుతూ లెక్కేసుకుంటారా? ఊరు నడవాలి గువ్వా. నమ్మకంతోనే నడుస్తుంది."

"మరి ఇంతకు ముందు పోయినవాళ్ళు? ముసలి పంపులాయన పోతే పంపులు ఆగలేదుగా?"

"పోయేలోపు అప్పగిస్తారు. అప్పగింతకు ఒక పలుకు ఉంది, రెండు ముక్కలు. పోయేవాళ్ళు మొదటి ముక్క అంటారు, తీసుకునేవాళ్ళు రెండోది అంటారు. అదేదో చివరి దీవెన అనుకుని పలికేశారు వాళ్ళంతా. అందరిదీ అమ్మ మీదికే చేరింది. ఇప్పుడు అమ్మ..." ఆయన గది తలుపు వైపు చూసి మళ్ళీ ఇటు తిరిగాడు. "డాక్టరమ్మ రేపటిదాకా చెప్పలేనంది. నువ్వు తీసుకోవాలి."

గువ్వకు ఆ మాట వెంటనే ఎక్కలేదు. "తీసుకుంటే ఏమవుతుంది?"

"తను లేపినదానికి ఈ కట్టు లేదు. ఇంకొకరిది మోసేవాళ్ళు మాత్రం కొండ దాటకూడదు. దాటితే ఇక్కడ అన్నీ ఆరిపోతాయి."

గువ్వకు పెళ్ళయిన కొత్తలోనే భర్తకు కొండ అవతల రేవులో క్రేను నడిపే ఉద్యోగం వచ్చింది. ఇన్నాళ్ళకు నీళ్ళకెదురుగా రెండు గదులు దొరికాయి. గువ్వ పెట్టె సర్దుకుని గుమ్మం పక్కనే పెట్టుకుంది. పెద్దమ్మకు ఒంట్లో బాగాలేకపోతే ఆగింది, అంతే.

"నేను పెట్టె సర్దుకున్నానని తెలిసే అడుగుతున్నావు."

"తెలిసే అడుగుతున్నాను."

"నువ్వు తీసుకోవచ్చుగా?"

"నాకు గొంతుంటే నిన్ను అడిగేవాణ్ణా?" అన్నాడాయన. ఆ మాటలో కోపం కంటే అలసటే ఎక్కువ. పదేళ్ళ వయసులో అందరి ముందూ పళ్ళెంలో పొడి పోసి పలకమంటే, ఆయన గొంతు బొంగురుపోయేదాకా పలికాడట. ఒక్క రేణువు కూడా లేవలేదు. అంత గొప్ప తల్లికి ఇలాంటి కొడుకా అని ఊరు చాలాకాలం నవ్వుకుంది.

గువ్వ ఆయన్ను తప్పించుకుని గదిలోకి వెళ్ళింది.

పెద్దమ్మ మెలకువగానే ఉంది. దిండ్ల మధ్య ఆవిడ చిన్నపిల్లలా కనిపించింది. జుట్టు ఎవరో వెనక్కి దువ్వి రిబ్బను కట్టారు. ఆ ముస్తాబు ఆవిడకు నచ్చలేదని చూపులోనే తెలుస్తోంది.

"చెప్పేశాడా?"

"చెప్పాడు."

"వాడు చెప్పేవి ఎప్పుడూ నిజాలే. కాకపోతే సగం సగం." ఆవిడ ఊపిరి కూడగట్టుకుంది. "కూర్చో. ఆ పాలు నువ్వే తాగు, నాకు మింగుడు పడవు."

గువ్వ కూర్చుంది. పాలు తాగలేదు.

"మొయ్యడమంటే ఎట్లా ఉంటుంది పెద్దమ్మా?"

పెద్దమ్మ కళ్ళు మూసుకుంది.

"మోత," అంది. "చెవిలో మోత, ఒంటి మీద మోత. పంపులు తిరిగితే నా వెన్నులో తిరుగుతాయి. తీగబండిలో జనం ఎక్కువైతే ఈ కుడిభుజం లాగుతుంది. ఎవరింట్లోనో అర్ధరాత్రి పిల్లాడు లేచాడని దీపం పెడతారు, నాకు మెలకువ వస్తుంది. ఊరంతా పడుకున్నా నా చెవిలో తేనెపట్టు కదిలినట్టే. కొన్నాళ్ళకు అలవాటవుతుందన్నారు. అలవాటు కాలేదు. ఒప్పుకున్నాను, అంతే."

తలుపు దగ్గర అన్నయ్య వచ్చి నిలబడ్డాడు. ఆవిడ కళ్ళు తెరవలేదు గాని గమనించింది.

"కొండ అవతల జరిగిన నీ పెళ్ళికి రాలేదని అలిగావు గువ్వా. గుర్తుందా? నడుంనొప్పి అన్నాను. ఇక్కడ బట్టలు కట్టుకుని, పువ్వులు పెట్టుకుని, కొండమలుపు దాకా నడిచొచ్చాను. అక్కడ రాయి మీద కూర్చుని, ఈపాటికి ముహూర్తం అయిపోయి ఉంటుంది అనుకుని లేచి ఇంటికొచ్చాను."

గువ్వ తల వంచుకుంది. పెళ్ళయ్యాక ఏడాదిదాకా ఆవిడతో ముక్తసరిగా మాట్లాడింది తను. ఆ ఏడాదిలో ఆవిడ ఒక్కసారి కూడా సంజాయిషీ చెప్పుకోలేదు.

పక్కవార్డు నుంచి ఊపిరిపెట్టెల చప్పుడు వినిపిస్తోంది. గాలి లోపలికి, గాలి బయటికి. రోజూ వినేదే. ఆ పెట్టెల్లో పొడి మాత్రం అంతా పెద్దమ్మ లేపిందే అని ఇప్పుడు గుర్తొచ్చింది. అక్కడ మిద్దె మీంచి పడిన తాపీమేస్త్రి ఒకాయన ఉన్నాడు. ఆయన భార్య కిటికీ దగ్గర కూర్చుని గోడకేసి చూస్తూ ఉంటుంది. రేవులో ఎదురుచూస్తున్న తన భర్త కూడా ఇలాగే కిటికీలోంచి చూస్తుంటాడేమో. ఆ ఇద్దరినీ పక్కపక్కన పెట్టి తూచడం ఎవరివల్ల అవుతుంది?

"నేను మోస్తాను పెద్దమ్మా," అంది.

పెద్దమ్మ వెంటనే చేతిని దుప్పటి కిందికి లాక్కుంది.

"నీకివ్వను."

"అమ్మా," అన్నాడు అన్నయ్య.

"ఇవ్వనన్నాను. దీన్ని మా చెల్లెలి బిడ్డగా పెంచానుగాని ఊరికి దీపపుకుందిగా పెంచలేదు."

"మరి వార్డులో ఉన్నవాళ్ళు ఎవరి బిడ్డలమ్మా?" అన్నయ్య గొంతు పెంచలేదు. అందుకే ఆ మాట మరీ గట్టిగా తగిలింది. "నువ్వు పట్టుదలకు పోతే, ఆ పెట్టెలు ఆగిన నిమిషాన వాళ్ళవాళ్ళకు నేనేం చెప్పాలి? మా అమ్మకు చెల్లెలి బిడ్డంటే మమకారం ఎక్కువ అని చెప్పనా?"

"అది ఒప్పుకుందిగా అని నీకు సులువుగా ఉంది."

"సులువుగా ఉందా? దానికి సామాను కట్టిపెట్టింది నేనమ్మా. పోయిన వారం తాడు బిగించింది నేను."

గోడ మీది దీపం కుంగింది. నడవాలో ఎవరో "మళ్ళీనా" అని గొణిగారు. దీపం తేరుకుంది, మునుపటంత కాదు.

పెద్దమ్మ కొడుకు వైపు తల తిప్పింది. ఆ చూపులో చిరాకు లేదు. ఏదో ఎంతోకాలంగా దాచుకున్నది, ఇక దాచే ఓపిక లేక బయటపెడుతున్న మనిషి చూపు.

"గొంతు లేపడానికి కావాలి నాయనా. మొయ్యడానికి అక్కర్లేదు."

అన్నయ్యకు అర్థం కాలేదు. ఆవిడ మళ్ళీ అంది.

"మొయ్యడానికి మనిషైతే చాలు. రెండో ముక్క ఎవరు పలికినా అంటుకుంటుంది. డాక్టరమ్మ అయినా, గేటు దగ్గర కాపలావాడైనా. ఊరంతా తలా పిడికెడు పంచుకున్నా సరే. కాకపోతే సంగతి ముందు చెప్పాలి. చెప్పి అడగాలి. అది మీ మర ఆఫీసుకు ఎప్పుడూ ఇష్టం లేదు."

"నాకెందుకు చెప్పలేదు?"

"చెబితే నువ్వు ఏనాడో చెయ్యి చాచేవాడివి. పళ్ళెం ముందు ఓడిపోయిన పిల్లాడివి. ఏదో ఒకటి మోసి చూపించాలని నీకు ఎంత ఉండేదో నాకు తెలియదా?"

అన్నయ్య ముఖంలో రంగు మారింది. ఆయన కిటికీ దగ్గరకు నడిచాడు. బయట ఎండ తగ్గి గోడల మీదికి నీడలు పాకుతున్నాయి. ఆయన భార్య, ఇద్దరు ఆడపిల్లలు కొండ అవతలే ఉంటారు. మర దుమ్ముకు చిన్నపిల్లకు ఉబ్బసం వస్తోందని అక్కడ పెట్టాడు. ప్రతి ఆదివారం పొద్దున్నే తీగబండి ఎక్కి వెళ్ళొస్తాడు. ఊళ్ళో ఆయన నవ్వు చూసినవాళ్ళు తక్కువ. చూసినవాళ్ళంతా ఆదివారం పొద్దున చూసినవాళ్ళే. గువ్వను అడిగిందేమిటో ఆయనకు ఇప్పుడు ఒంటికి తగిలినట్టుంది.

గువ్వకు ఆ మాట నాలుక చివరిదాకా వచ్చింది. ఇప్పుడు చెప్పు అన్నయ్యా, కొండ దాటకపోవడమంటే ఏమిటో. కానీ ఆయన భుజాలు చూసి అనలేకపోయింది.

"చిన్నదానికి ఈ ఆదివారం ఈత నేర్పిస్తానన్నాను," అన్నాడాయన కిటికీలోంచి బయటికి చూస్తూనే.

"నేనే తీసుకుంటాను అన్నయ్యా. నాకు పిల్లలు లేరు."

"నోరుముయ్యి." ఆయన ఇటు తిరిగాడు. చొక్కా చేతులు మోచేతులదాకా మడిచాడు. మరలో యంత్రం కింద దూరబోయే ముందు అలాగే మడుస్తాడు. "అమ్మా, నువ్వు వదిలాక నేను పట్టుకునేదాకా ఎంతసేపు?"

"మొదటి ముక్క నా నోట్లోంచి రాగానే నేను మోసేవన్నీ ఆరిపోతాయి. నువ్వు రెండోది పలికాక ఒక్కొక్కటే లేస్తాయి. నీకు కొత్త, తడబడతావు. ఎంతసేపో చెప్పలేను."

ఊరిని పిలిచి అడిగే వ్యవధి లేదు, ఆయన ఇక క్షణం ఆలస్యం చెయ్యలేదు. తీగబండిని గట్టుకు చేర్చి ఆపమని మనిషిని పరిగెత్తించాడు. డాక్టరమ్మను పిలిపించి, తలుపు మూసి, ఊరికి ఇన్నాళ్ళూ చెప్పని సంగతి నాలుగు ముక్కల్లో చెప్పేశాడు. ఆవిడ నడివయసు మనిషి, తొణకదు. విన్నాక కళ్ళద్దాలు తీసి మళ్ళీ పెట్టుకుంది.

"నేను ఇన్నేళ్ళుగా ఆ పెట్టెలను నమ్మి మనుషుల్ని పడుకోబెడుతున్నాను," అంది. "మీతో తర్వాత మాట్లాడతాను. ముందు రబ్బరు తిత్తులు తీయించాలి."

ఊపిరిపెట్టె ఆగితే చేత్తో నొక్కి గాలి అందించే తిత్తులవి. ఉన్నవన్నీ తీశారు. నర్సులు తలా మంచం దగ్గర నిలబడ్డారు. అయినా ఒక మంచానికి మనిషి తక్కువైంది. తాపీమేస్త్రి మంచానికి. ఆయన భార్య తిత్తిని ఎటు పట్టాలో తెలియక తిప్పి తిప్పి చూస్తోంది.

డాక్టరమ్మ గువ్వ వైపు చూసింది.

గువ్వ పెద్దమ్మ వైపు చూసింది. మొదటి ముక్క పలికాక పెద్దమ్మకు ఇక ఊపిరి మిగలదని, ఇప్పుడు ఆ గది వదిలితే ఇక చూడడం ఉండదని ఇద్దరికీ తెలుసు. పెద్దమ్మ దుప్పటి కింద నుంచి చెయ్యి తీసి గువ్వ చెంప తాకింది.

"పో. నేను పెంచింది అక్కడ నిలబడడానికే. వెళ్ళి రేవులో నా పేరు చెప్పి నీళ్ళలో కాళ్ళు పెట్టు. నేను సముద్రం చూడలేదు."

గువ్వ వార్డులోకి పరుగెత్తింది. తిత్తి మూతిని మేస్త్రి ముక్కూ నోరూ కప్పేలా అదిమి పట్టుకుంది. గోడ అవతల అన్నయ్య గొంతు ఏదో అడుగుతోంది. పెద్దమ్మ గొంతు జవాబిచ్చింది. ఆ తర్వాత ఆవిడ పలికింది. గువ్వకు మాటలు వినపడలేదు, స్వరం వినిపించింది. ఊరంతటినీ లేపిన స్వరం. ముసలితనం లేదు అందులో.

దీపాలు ఆరిపోయాయి.

ఊపిరిపెట్టెలన్నీ ఒక్కసారిగా నిట్టూర్చి ఆగాయి. "నొక్కండి," అంది డాక్టరమ్మ చీకట్లో. గువ్వ నొక్కింది. మేస్త్రి ఛాతీ ఆమె చేతికింద లేచింది. వదిలింది. మళ్ళీ నొక్కింది. వీధిలో అరుపులు మొదలయ్యాయి, చక్రాలు రాసుకుంటున్న చప్పుడు. ఎక్కడో కుక్క ఆగకుండా మొరుగుతోంది. మేస్త్రి భార్య గువ్వ నడుం పట్టుకుని నిలబడింది, ఆమెను వదిలితే భర్త వెళ్ళిపోతాడన్నట్టు.

గువ్వ ముఖం కిటికీకి ఎదురుగా ఉంది. కొండ, కొండ కింద ఊరు, అంతా మసకచీకటి. తనలాంటివాళ్ళు లేపిన నాలుగైదు దీపాలు తప్ప ఇంకెక్కడా వెలుగు లేదు. గోడ అవతల అన్నయ్య రెండో ముక్క పలుకుతున్నాడు. తడబడి, ఆగి, మళ్ళీ మొదలుపెట్టాడు. బొంగురు గొంతు.

అప్పుడు ఆమెకు కనిపించింది. కొండ మీద, మూసేసిన పాత గని ముఖద్వారం దగ్గర, ఒక ఆకుపచ్చ దీపం. ఆరలేదు. కుంగలేదు కూడా.

చేతులు తమ పని తాము చేస్తూనే ఉన్నాయి. కళ్ళు మాత్రం అక్కడే నిలిచిపోయాయి. ఆ దీపం ఎవరిదో ఊళ్ళో పసివాళ్ళకు కూడా తెలుసు. గువ్వ చిన్నప్పుడు గని కూలినప్పుడు, లోపల చిక్కుకున్నవాళ్ళకు వెలుగు చూపించడానికి ఒక మనిషి లోపలికి వెళ్ళింది. వెళ్ళే ముందు గుమ్మంలో ఆ దీపం లేపి వెళ్ళింది. తిరిగి రాలేదు. శవం దొరకలేదు. కొన్నాళ్ళు చూసి గనికి గోడ కట్టేశారు. గుర్తుగా దీపాన్ని మాత్రం ఉంచారు. ఆ మనిషి గువ్వ తల్లి.

ఒక ఊపిరిపెట్టె కదిలింది. దాని వెనక ఇంకొకటి. గోడ దీపాలు వణికి వణికి నిలిచాయి. వీధి, దాని అవతలి వీధి, పంపుల గది, గట్టున ఆగిన తీగబండి ఒకదాని తర్వాత ఒకటి వెలిగాయి. మేస్త్రి భార్య నేల మీద కూలబడి ఏడ్చింది. నర్సు వచ్చి గువ్వ చేతుల్లోంచి తిత్తిని మెల్లగా విడిపించింది.

గదిలో పెద్దమ్మ ముఖం ప్రశాంతంగా ఉంది. ఎన్నో ఏళ్ళుగా వింటున్న చప్పుడు ఆగితే ఎలా ఉంటుందో అలా ఉంది. అన్నయ్య మంచానికి ఆనుకుని నేల మీద కూర్చున్నాడు. ఒక చేత్తో తల్లి చేతిని పట్టుకుని, రెండో చేత్తో చెవి మూసుకున్నాడు. మూసుకున్నా ఆగదని తెలిసి చెయ్యి దించేశాడు.

గువ్వ వంగి పెద్దమ్మ నుదురు ముద్దుపెట్టుకుంది. రిబ్బను విప్పి జుట్టును భుజాల మీదికి వదిలింది. తర్వాత అన్నయ్య పక్కన కూర్చుంది.

"ఎట్లా ఉంది?"

"అమ్మ దీన్ని ఎట్లా మోసిందే," అన్నాడాయన. కళ్ళ వెంట నీళ్ళు కారుతున్నాయి, తుడుచుకోవడం లేదు. "పంపులు వెన్నులోనే తిరుగుతున్నాయి. చెప్పినట్టే."

"అన్నయ్యా, ఒక్కటి అడుగుతాను. గని దగ్గర మా అమ్మ దీపాన్ని ఎవరు మోస్తున్నారు?"

"ఇంకెవరు, అమ్మే. పిన్ని లోపలికి వెళ్ళే ముందు తనకే అప్పగించిందని అమ్మే నాతో చెప్పింది. మరిప్పుడది నాకే వచ్చి ఉంటుంది."

"ఇందాక పెద్దమ్మ మోసినవన్నీ ఆరిపోయినప్పుడు అది ఆరలేదు. కిటికీలోంచి చూశాను."

ఆయన ఆమె ముఖంలోకి చూశాడు. అబద్ధం లేదని తెలిసింది. కళ్ళు మూసుకుని విన్నాడు. తనలో మోగుతున్న ఊరి మీదుగా, వీధి తర్వాత వీధి, మెల్లగా కొండెక్కుతున్నట్టు ఆయన నుదురు ముడిపడింది. గని దగ్గరకు చేరినట్టున్నాడు, ఆగిపోయాడు. ఇంకోసారి విన్నాడు.

తల్లి చేతిలోంచి ఆయన చెయ్యి జారింది.

"అక్కడ నాకేమీ వినపడటం లేదు గువ్వా," అన్నాడు. "ఆ దీపం నాలో లేదు. అమ్మలో ఎప్పుడూ లేదు."